రాలాక పరిమళించే చెట్టు

పూల కోసం పెంచే చెట్టు కాదు. కాయ కోసం అసలే కాదు. చిగురు రాగిరంగు, ముదిరితే నీలం కలిసిన ఆకుపచ్చ, పండితే పసుపు. రాలాక మాత్రం పాకం వాసన. జపాన్ కొండవాగుల నుంచి అమెరికా, ఐరోపా పెరళ్లకు చేరిన కత్సురాను ఇంటి దగ్గర పెంచాలనుకునే వారి కోసం ఈ వారం ముఖచిత్ర కథనం.

బోస్టన్‌లోని ఆర్నాల్డ్ ఆర్బొరెటమ్ అనే వృక్షవనంలో అక్టోబరు మొదట్లో ఓ మూల నడుస్తున్నవాళ్లు ఉన్నట్టుండి ఆగి గాలి పీలుస్తారు. పంచదార పాకం కాస్త ఎక్కువ కాగినప్పటి వాసన. పిల్లలైతే పీచుమిఠాయి బండి ఎక్కడని అడుగుతారు. బండి ఉండదు. కాళ్ల కింద పసుపుపచ్చని ఆకులుంటాయి, పైన సగం ఖాళీ అయిన చెట్టు ఉంటుంది. అదే కత్సురా.

చెట్టు మీదున్న ఆకుకు ఈ వాసన ఉండదు. పచ్చి ఆకు కోసి నలిపినా పసరు వాసన తప్ప మరేం రాదు. ఆకు పండి, రాలి, ఆరడం మొదలయ్యాకే మాల్టాల్ అనే పదార్థం గాల్లో కలుస్తుంది. బార్లీ మొలకలు వేయించినప్పుడు, బ్రెడ్డు పైపొర ఎర్రగా కాలినప్పుడు పుట్టేదీ ఇదే. బిస్కెట్లకు, మిఠాయిలకు కమ్మదనం రావడానికి ఫ్యాక్టరీల్లో దీన్ని విడిగా కలుపుతారు. తమాషా ఏమిటంటే ఒక్క ఆకును ఏరి ముక్కుకు ఆనిస్తే పెద్దగా తెలియదు, నాలుగడుగులు దూరం జరిగితే గుప్పుమంటుంది. నేల కాస్త తడిగా, ఎండ కాస్త వెచ్చగా ఉన్న రోజున బాగా వస్తుంది. కొందరి ముక్కుకు అసలు అందదు. నలుగురున్న ఇంట్లో ఒకరు ‘నాకేం రావట్లేదే’ అంటే వాళ్లది అబద్ధమనుకోనక్కర్లేదు.

రాలాక పరిమళించడం మనకు కొత్త సంగతేం కాదు. పొగడ చెట్టు కింద ఏరుకున్న పూలు వాడి గోధుమరంగుకు తిరిగినా వాసన వదలవు. అక్కడ పువ్వు చేసే పనిని కత్సురాలో ఆకు చేస్తుంది. జర్మన్లు దీన్ని కేకు చెట్టు అంటారు. ఉత్తర జపాన్‌లో ఎండుటాకులను పొడి చేసి ధూపంగా వాడేవారు.

ఈ వాసన కథ విని, ఫొటోలు చూసి, నర్సరీకి వెళ్లి మొక్క తెచ్చుకునేవాళ్లు ఏటా పెరుగుతున్నారు. న్యూజెర్సీ, మసాచుసెట్స్, మిషిగన్, సియాటెల్ వైపు సొంతిళ్లు కొనుక్కున్న మనవాళ్లకూ నర్సరీలో జపనీస్ మేపుల్ పక్కన తరచూ కనిపించే పేరే ఇది. తెచ్చుకునే ముందు దీని స్వభావం ఒక్కటి తెలిస్తే చాలు. ఇది నీళ్ల చెట్టు. ఆ ఒక్కటి తెలియకే చాలామంది రెండో వేసవికల్లా మొక్కను పోగొట్టుకుంటున్నారు.

వాగు పక్క దేవుడు

జపాన్‌లోనూ చైనాలోనూ కత్సురా సహజంగా పెరిగేది కొండ లోయల్లో, వాగుల అంచున, ఏడాది పొడుగునా తేమ తగ్గని నేలలో. అడవిలో 30 మీటర్ల ఎత్తు దాకా పెరుగుతుంది. క్యోటోకు ఉత్తరాన కొండల్లో కిఫునే అనే పుణ్యక్షేత్రం ఉంది. అక్కడి దైవం నీటి దేవత. అనావృష్టి వస్తే వాన కోసం, అతివృష్టి వస్తే ఎండ కోసం పూర్వం ప్రభువులు అక్కడ మొక్కులు చెల్లించేవారు. ఆ గుడి ఆవరణలో పూజలందుకునే చెట్టు కత్సురా. నీటి దేవత గుడిలో నీళ్ల చెట్టుకు పూజ. ఎంపిక ఎవరిదో గానీ చెట్టు స్వభావం తెలిసినవాళ్లదే.

హ్యోగో ప్రాంతంలో ఇతొయి లోయలో మరో కత్సురా ఉంది. వయసు 2000 ఏళ్లని చెబుతారు. అసలు మాను ఎప్పుడో పోయింది. దాని మొదట్లోంచి లేచిన 80 దాకా పిలకలు వలయంగా నిలబడి ఇప్పుడు ఒకే మహావృక్షంలా కనిపిస్తాయి. మధ్యలో తల్లిమాను ఉండిన చోటు ఖాళీ. కత్సురా దీర్ఘాయువు రహస్యం అదే: మాను దెబ్బతింటే మొదలు నుంచి మళ్లీ మళ్లీ చిగురించడం. పక్కనే వాగు పారుతుంటుంది.

షిమానే ప్రాంతపు కథ ఇంకా బాగుంటుంది. అక్కడి కొండల్లో పూర్వం ఇనుప ఇసుకనూ బొగ్గునూ మట్టి కొలిమిలో పోసి మూడు పగళ్లు, మూడు రాత్రులు ఏకధాటిగా కరిగించి ఉక్కు తీసేవారు. జపాన్ కత్తులకు పేరు తెచ్చిన ఉక్కు అదే. ఆ పనివాళ్ల కులదైవం కనయాగో. తెల్ల కొంగనెక్కి ఆకాశం నుంచి వచ్చి కత్సురా చెట్టు మీద దిగిందని వాళ్ల నమ్మకం. అందుకే కొలిమిశాల దగ్గర కత్సురా నాటుకునేవారు. సుగయా అనే ఊళ్లో 1751లో కట్టిన కొలిమిశాల 1921 దాకా పనిచేసింది. భవనం ఇప్పటికీ ఉంది, ఎదురుగా చెట్టూ ఉంది. ఏప్రిల్ మొదట్లో చిగురేసే వేళ ఆ చెట్టు నిలువెల్లా ఎర్రబడుతుంది. ఆ ఎరుపు నిలిచేది మూడు రోజులే. కొలిమి మండేదీ మూడు రోజులే కాబట్టి ఊరివాళ్లు ఆ రెండిటినీ ముడిపెట్టి చెప్పుకోవడంలో వింతేం లేదు.

క్యోటోలో ఏటా మే 15న జరిగే అఓయి ఉత్సవంలో ప్రాచీన వేషాలు వేసుకున్న వందలాది మంది ఊరేగుతారు. వాళ్ల తలపాగాల మీద, ఎడ్లబండి మీద కత్సురా రెమ్మలు ఉంటాయి. చంద్రుడి మచ్చలో మనకు కుందేలు కనిపిస్తే, జపాన్ పాత కవులకు కుందేలుతో పాటు కత్సురా చెట్టూ కనిపించింది. ఆ ఊహ వాళ్లకు చైనా నుంచి వచ్చింది.

కలపదీ తక్కువ చరిత్ర కాదు. మెత్తగా, సమంగా చెక్కుడుపడే కలప కాబట్టి బుద్ధ విగ్రహాలు చెక్కారు. కామకురా పట్నం పేరు మీద ప్రసిద్ధమైన లక్క పూత చెక్కడాలకు ఇప్పటికీ ఇదే వాడతారు. ‘గో’ ఆటబల్లలకు కయా తర్వాత ఎంచేది కత్సురానే. హొక్కైదో దీవిలో ఐనూ జాతివాళ్లు దీని మానును తొలిచి పడవలు చేసుకునేవారు.

ఓడెక్కిన విత్తనాలు

అమెరికాకు ఇది చేరిన తీరు ముచ్చటగా ఉంటుంది. థామస్ హాగ్ అనే ఆయన న్యూయార్క్ నర్సరీ కుటుంబానికి చెందినవాడు. 1862లో అధ్యక్షుడు లింకన్ ఆయన్ను జపాన్‌లో అమెరికా మార్షల్‌గా నియమించాడు. ఉద్యోగం దౌత్య కార్యాలయంలోనే అయినా మనసంతా మొక్కల మీదే. 1865లో అక్కడి నుంచి తమ్ముడు జేమ్స్‌కు పంపిన విత్తనాల్లో కత్సురా ఉంది. అమెరికా నేల మీద ఈ చెట్టు అలా మొదలైంది. పదేళ్లు దాటాక మసాచుసెట్స్ వ్యవసాయ కళాశాల అధ్యక్షుడు విలియం క్లార్క్ హొక్కైదోలోని సప్పొరోలో వ్యవసాయ కళాశాల పెట్టడానికి వెళ్లాడు. ఆయన ద్వారా వచ్చిన విత్తనాలు ఆర్నాల్డ్ ఆర్బొరెటమ్‌లో మొలిచాయి. ఆ ఆర్బొరెటమ్ మొదటి డైరెక్టర్ చార్లెస్ సార్జెంట్ 1892లో స్వయంగా జపాన్ వెళ్లి, హొక్కైదో అడవుల్లో పలు మానులతో గుబురుగా నిలబడ్డ కత్సురాలను చూసి వచ్చాడు.

‘చేరింది’ అనడం కన్నా ‘తిరిగొచ్చింది’ అనడం న్యాయమేమో. కత్సురా జాతి ఆకుల శిలాజాలు ఉత్తర అమెరికాలోనూ ఐరోపాలోనూ దొరికాయి. కోట్ల ఏళ్ల కిందట అక్కడా పెరిగిన ఈ కుటుంబం ఆ తర్వాత అక్కడ తుడిచిపెట్టుకుపోయి తూర్పు ఆసియాలో మాత్రం మిగిలింది. ఇప్పుడు ప్రపంచం మొత్తం మీద ఈ కుటుంబంలో ఉన్నవి రెండే జాతులు. తోటల్లో కనిపించేది ఒకటి, జపాన్‌లో హొన్షు దీవి ఎత్తు కొండలకే పరిమితమైన పెద్దాకుల కత్సురా రెండోది.

ఏడాదిలో నాలుగు వేషాలు

వసంతంలో ఆకుకన్నా ముందే పూత వస్తుంది. రేకులుండవు, ఎర్రటి పోగుల్లాంటి చిన్న పూలు. గాలికే పరాగ సంపర్కం. మగచెట్టు వేరు, ఆడచెట్టు వేరు. ఆడచెట్టుకు వేలెడంత కూడా లేని చిన్న కాయలు, బుల్లి అరటిగెలల్లా గుత్తులుగా వేలాడతాయి. మొక్కగా కొనేటప్పుడు ఏదో తెలియదు, తెలిసినా ఇంటివాళ్లకు ఒరిగేది పెద్దగా లేదు.

చూడాల్సింది ఆకును. హృదయాకారం, రెండు నుంచి నాలుగు అంగుళాల వెడల్పు, కొమ్మ పొడుగునా జంటలుగా. విప్పుకునేటప్పుడు రాగిరంగు, ఒక్కోసారి ఊదా. వేసవిలో పైన నీలిపచ్చ, కింద పాలిపోయిన తెలుపు. గాలి వీస్తే చెట్టు రంగు మారినట్టుంటుంది. ఆకురాలు కాలంలో పసుపు, నారింజ, కొన్నిటికి గులాబీ. ఆమ్ల గుణం ఉన్న నేలలో రంగులు మరింత బాగా వస్తాయి. మిగతా చెట్ల కన్నా ముందే రంగు తిరుగుతుంది. అమెరికా ఉత్తర రాష్ట్రాల్లో అది సెప్టెంబరు చివర, అక్టోబరు మొదలు. అంటే అక్కడి మనవాళ్లు పార్కుల్లో బతుకమ్మ ఆడే రోజులు, దసరా రోజులు.

మేపుల్ ఎరుపుతో పోలిస్తే కత్సురా రంగు నెమ్మదైనదే. ఆ నెమ్మదే నచ్చేవాళ్లు పెట్టుకోవాల్సిన చెట్టు ఇది. వీధంతా చూసి మెచ్చుకోవాలనుకునేవాళ్లు మేపులే పెట్టుకోండి.

చోటు ముందు, మొక్క తర్వాత

ఇంటి తోటలో కత్సురా 40 నుంచి 60 అడుగుల దాకా పెరుగుతుంది. వెడల్పు కూడా తక్కువేం కాదు. ఫిలడెల్ఫియాలోని మోరిస్ ఆర్బొరెటమ్‌లో 20వ శతాబ్దం మొదట్లో నాటిన కత్సురా ఉంది. న్యూజెర్సీ, పెన్సిల్వేనియా వాళ్లు మొక్క కొనేలోపు ఒకసారి దాని కింద నిలబడి చూసి రావాలి. నర్సరీ కుండీలో ఆరడుగులున్న మొక్క ఏమవుతుందో అప్పుడు తెలుస్తుంది. ఇంటి గోడకు కనీసం 20 అడుగుల ఎడం ఉండాలి. ముదిరిన చెట్టు వేళ్లు నేల పైకి తేలతాయి కాబట్టి డ్రైవ్‌వే పక్కన, కాలిబాట పక్కన వద్దు. మీ కాలనీకి ఇళ్ల యజమానుల సంఘం (హెచ్‌ఓఏ) ఉంటే చెట్టు అనుమతి సంగతి గొయ్యి తవ్వకముందే తేల్చుకోండి.

ఉదయపు ఎండ తగిలి, మధ్యాహ్నం తర్వాత పడమటి ఎండ నుంచి కాస్త మరుగు దొరికే చోటు ఉత్తమం. గాలి ఎదురుగా కొట్టే చోట ఆకులు చిరుగుతాయి, ఎండుతాయి. పల్లంలో చల్లగాలి నిలిచే చోట నాటితే ఆలస్యంగా కురిసే మంచు లేత చిగుళ్లను మాడుస్తుంది. ఇంగ్లండులో పెంచేవాళ్లకు ఈ బెడద ఎక్కువ. అయినా అక్కడి రాయల్ హార్టికల్చరల్ సొసైటీ తోటకు యోగ్యమైన మొక్కలకిచ్చే గుర్తింపు దీనికి ఇచ్చింది.

అమెరికాలో నర్సరీ చీటీ మీద జోన్ 4 నుంచి 8 అని రాసి ఉంటుంది. ఇక్కడే చాలామంది పొరబడతారు. డాలస్ కూడా జోన్ 8 కిందికే వస్తుంది కదా అనుకుంటారు. జోన్ చెప్పేది చలికాలపు చలి ఎంతన్నదే. వేసవి ఎండ సంగతి అది చెప్పదు. డాలస్ ఎండ, అక్కడి సున్నపు బంకమట్టి కత్సురాకు రెండు వైపులా పోటు. టెక్సస్‌లో ఉన్నవాళ్లు దీని మీద ఆశ వదులుకోవడమే మంచిది. అట్లాంటా వైపు పెద్ద చెట్ల నీడ పట్టున, నీళ్లు కట్టగలిగితే ప్రయత్నించవచ్చు. సియాటెల్‌లో చిక్కు వేరు. వానల ఊరని పేరే గానీ జూలై, ఆగస్టుల్లో అక్కడ వాన చాలా తక్కువ. వీధి వెంట నాటిన కత్సురాలు ఆ రెండు నెలల్లోనే ఆకు అంచులు మాడ్చుకుంటాయి.

నాటడానికి అదను వసంతారంభం. వేళ్లు కదిలితే త్వరగా కోలుకోని చెట్టు ఇది, అందుకే పెద్ద మొక్కకన్నా చిన్నది తెచ్చుకోవడం మేలు. గొయ్యి లోతు వేరుముద్ద ఎత్తుకు సమానంగా, వెడల్పు దానికి రెండు మూడు రెట్లు ఉండాలి. కాండం అడుగున వేళ్లు విచ్చుకునే చోటు నేల పైకి కనిపించాలి. మట్టితో కప్పేస్తే మొక్క కుళ్లుతుంది. చుట్టూ రెండు మూడు అంగుళాల మందాన బెరడు ముక్కలో ఎండుటాకులో పరవండి, కాండానికి మాత్రం తగలనివ్వొద్దు. అమెరికాలో ఇంటింటా కనిపించే అలవాటు ఒకటుంది, కాండం చుట్టూ ఈ పరుపును (మల్చ్) పుట్టలా పోయడం. చూడ్డానికి నీటుగా ఉంటుంది, చెట్టుకు మాత్రం చేటు.

ఎరువు గురించి పెద్దగా చెప్పేదేం లేదు, మంచి నేలైతే అక్కర్లేదు. పురుగు పుట్రా బాధా తక్కువే. లేత కాండం బెరడు పలచన, చలికాలపు ఎండకు, మంచుకు చిట్లుతుంది. మొదటి రెండు మూడు చలికాలాలు గుడ్డ పట్టీ చుట్టి వసంతంలో విప్పేయండి. పచ్చికబయలు మధ్య నాటితే గడ్డి కోసే మిషను నుంచి కాండాన్ని కాపాడుకోవాలి.

ఒకే మాను కావాలా, మొదటి నుంచే గుబురు కావాలా అన్నది కొనేటప్పుడే తేల్చుకోవాలి. చోటుంటే గుబురే అందం, దీని సహజ గుణమూ అదే. చోటు లేనివాళ్లకు చిన్న రకాలున్నాయి. ‘హెరన్స్‌వుడ్ గ్లోబ్’ గుండ్రంగా, పొట్టిగా ఉంటుంది. ‘రెడ్ ఫాక్స్’ చిగురు ముదురు ఊదా, నిటారుగా పెరుగుతుంది. కొమ్మలు నేలకు వాలే రకాలకు పుట్టిల్లు జపాన్‌లోని మొరియొకా. అక్కడి వాలుకొమ్మల కత్సురాలకు ప్రభుత్వమే సహజ స్మారకాల హోదా ఇచ్చింది. నర్సరీలో ‘పెండ్యులం’, ‘మొరియొకా వీపింగ్’ పేర్లతో దొరుకుతాయి. నా ఓటు మాత్రం మామూలు కత్సురాకే. వాలుకొమ్మల రకం చిన్న పెరట్లో ఒంటరిగా నిలబడితే ప్రదర్శనకు పెట్టినట్టుంటుంది.

మరి ఇక్కడ?

హైదరాబాద్‌లోనో విజయవాడలోనో పెంచొచ్చా అని అడిగేవాళ్లుంటారు. కుదరదు. ఆకు రాల్చి నిద్రపోవడానికి దీనికి అసలైన చలికాలం కావాలి, వేసవిలో చల్లటి తడినేల కావాలి. మన దగ్గర రెండూ లేవు. బొన్సాయ్ విత్తనాలంటూ ఆన్‌లైన్‌లో కనిపించే పొట్లాలకు డబ్బు పోయొద్దు. మొలకెత్తినా మే నెల దాటదు. రాలాక పరిమళించే చెట్టే కావాలంటే పైన చెప్పిన పొగడ ఉండనే ఉంది. మన ఎండకు ఓర్చుకుంటుంది, ఏడాదంతా పచ్చగా ఉంటుంది, దట్టమైన నీడ ఇస్తుంది. చోటు తక్కువైతే పారిజాతం.

టికెట్లు కొనే ముందు

మళ్లీ నీళ్ల దగ్గరికే రావాలి. నాటిన మొదటి మూడేళ్లూ వారానికోసారి లోతుగా తడపాలి. అమెరికాలోని తోటమాలులు చెప్పే లెక్క: కాండం మందం అంగుళానికి 10 గ్యాలన్లు. రెండంగుళాల కాండానికి వారానికి 20 గ్యాలన్లు, అంటే దాదాపు 75 లీటర్లు, మన ఇళ్లలో బిందెతో అయితే ఐదు బిందెలు. లాన్‌కు పైపైన చల్లే స్ప్రింక్లర్ నీళ్లు దీని వేళ్లకు అందవు. చెట్టు మొదట్లో సన్నగా పారేలా గొట్టం వదిలేయడమో, చిల్లుల గొట్టం చుట్టడమో, కాండానికి నీళ్ల సంచి కట్టడమో చేయాలి. ఎదిగిన చెట్టుకైనా కరవు వేసవిలో తడి తప్పదు.

దాహం వేసిన కత్సురా చెప్పకుండా ఉండదు. ముందు ఆకు అంచులు గోధుమరంగుకు తిరుగుతాయి, తర్వాత ఆకు రాల్చేస్తుంది. ఉన్న కాస్త నీటినీ కాపాడుకునే ఉపాయం అది. రాలిన ఆకు ఎప్పుడైనా ఆకే కాబట్టి వాసనా వస్తుంది. ఆగస్టులోనే పెరట్లో పాకం వాసన గుప్పుమంటే మురిసిపోకండి, పరుగున వెళ్లి గొట్టం తిప్పండి.

మనవాళ్ల విషయంలో ఇక్కడో ప్రత్యేకమైన చిక్కుంది. పిల్లల బడులకు సెలవులిచ్చేది జూన్‌లో. అమ్మమ్మ, నాయనమ్మలను చూడడానికి ఇండియా వచ్చేది అప్పుడే, నాలుగైదు వారాలకు తక్కువ కాకుండా. కత్సురాకు నీళ్లు తప్పనిసరైనవీ సరిగ్గా ఆ వారాలే. అందుకే కొత్తగా నాటినవాళ్లు ప్రయాణానికి ముందే కుళాయికి టైమర్ బిగించి, డ్రిప్ గొట్టం పరిచి, ఓ వారం పనిచేస్తోందో లేదో చూసుకోండి. లేదంటే వారానికోసారి వచ్చి నీళ్లు పెట్టే పొరుగువారికి తాళంతో పాటు ఆ పనీ అప్పజెప్పండి. రెండూ వీలుకాకపోతే ఈ ఏడాదికి మొక్క కొనడం ఆపి, అక్టోబరులో దగ్గర్లోని ఆర్బొరెటమ్‌కు వెళ్లి వాసన చూసి రండి.